వాగ్గేయకారుల రచనలు: మాతువు, ధాతువు నిలిచిన విధము

13వ శతాబ్దమునందు శార్ఙ్గదేవుడు సంగీతరత్నాకరమున వాగ్గేయకార శబ్దమును నిర్వచించుచు, వాక్కునకు మాతువనియు గేయమునకు ధాతువనియు పేరులు చెప్పి, ఈ రెండింటిని తానే కూర్చువాడు వాగ్గేయకారుడని నిరూపించెను. రెండింటియందును ప్రౌఢి గలవాడు ఉత్తముడు. మాటలు రమ్యములైనను ధాతువు మందమైనచో వానికి తుదిస్థానమే లభించును. ఇతరుల ధాతువునకు మాటలు కూర్చువానికి కుట్టికారుడని వేరు పేరు కలదు. కావున ఒక రచన ఒకనిదని చెప్పుటలో రెండు ప్రతిజ్ఞలు ఇమిడియున్నవి: మాట అతనిది, వరుస అతనిది. ఈ రెండింటికిని వేర్వేరు నిదర్శనములు కావలెను. సాహిత్యము ఫలానివారిదని తేలినంతనే, నేడు వినవచ్చు వరుసయు వారిదేయని తలచి రాగౌచిత్యమును వివరించు వ్యాసములు మన విద్యాలయములందు పెక్కు వెలువడుచున్నవి. అందుచేత నలుగురు వాగ్గేయకారుల రచనలు మనకు చేరిన మార్గములను మేము ఇచ్చట పరిశీలించుచున్నాము.

మొదటివాడు తాళ్లపాక అన్నమాచార్యుడు. అతని సంకీర్తనములు 32,000 అని వంశీయుల గ్రంథములు చెప్పుచున్నవి. నేడు లభించుచున్నవి సుమారు 14,000. ఇవి తిరుమలలో రెండువేలకు పైబడిన రాగిరేకులపై చెక్కబడి నిలిచినవి. శక 1346 క్రోధి సంవత్సరమున, తన పదునారవయేట, అతడు కీర్తనరచనకు పూనుకొనెననియు, శక 1424 దుందుభి ఫాల్గున బహుళ ద్వాదశి వరకు ఆ రచన సాగెననియు రేకే తెలుపుచున్నది. అనగా 1424 మొదలు 1503 వరకు. తెలుగు కవులలో ఇంతటి స్పష్టమైన కాలనిర్దేశము దొరకుట అరుదు.

అయితే రాగి కాపాడినది మాతువును మాత్రమే. ప్రతి కీర్తనకును తలకట్టున రాగనామము కలదు గాని, సామాన్యముగా స్వరలిపి లేదు. రాగనామము చాలదా యని కొందరు ప్రశ్నింపవచ్చును. ముఖారిని ఉదాహరణముగా గ్రహింతము. 1550లో రామామాత్యుడు రచించిన స్వరమేళకళానిధిలో ముఖారి సర్వశుద్ధస్వరములు గల మొదటి మేళము; నేటి లెక్కలో కనకాంగికి సమానము. నేడు మనము వినుచున్న ముఖారి ఖరహరప్రియ జన్యము. దానియందు చతుశ్శ్రుతి రిషభము కలదు. పేరు నిలిచినది, స్వరూపము మారినది. అన్నమాచార్యుని అవసానమునకును ఆ గ్రంథమునకును నడుమ 47 ఏండ్ల యెడమే యున్నందున, అతని ముఖారి నేటి ముఖారికంటె గ్రంథోక్తమైన ముఖారికి దగ్గరగా నుండెనని యూహించుటయే న్యాయము. రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ, నేదునూరి కృష్ణమూర్తి, గరిమెళ్ల బాలకృష్ణప్రసాద్ మున్నగువారు ఈ కీర్తనములకు వరుసలు కట్టి లోకమునకు మహోపకారము చేసిరి. కాని ఆ వరుసలు వారి ప్రతిభకు నిదర్శనములు. వానిని బట్టి అన్నమాచార్యుని రాగభావనను నిర్ణయించుట తగదు.

రెండవవాడు క్షేత్రయ్య. మువ్వగోపాల ముద్రయే అతని రచనలకు ప్రధాన లక్షణము. తంజావూరు నేలిన విజయరాఘవ నాయకుని పేర గల పదములను బట్టి అతని కాలము 17వ శతాబ్దమని స్థిరపడినది. ఆ రాజు 1673 వరకు రాజ్యము చేసెను. క్షేత్రయ్య పదములను నిలిపినది లోహము గాదు, నాట్యము. అభినయమును కులవిద్యగా నేర్చిన దేవదాసీ కుటుంబములు గురువు నోట విని శిష్యురాలికి నేర్పుచు వచ్చినవి. వీణ ధనమ్మాళ్ (1867-1938) వంశము ఇందులకు ప్రసిద్ధమైన నిదర్శనము. ఇచ్చట మాతువును ధాతువును కలిసియే నడచినవి. అయినను, పాడుటకును ఆడుటకును పనికివచ్చినవి మాత్రమే నిలిచినవి. వేలకొలది రచించెనన్న కవి పదములలో నేడు వందలు మాత్రమే దొరకుచున్నవి. 1947లో మదరాసు రాష్ట్రమున దేవదాసీల సమర్పణమును నిషేధించు శాసనము వచ్చుటకు పూర్వమే ఆ కుటుంబముల జీవనము చెదరినది. ఆ సంస్కరణము స్త్రీలకు న్యాయము చేకూర్చినది. కాని వారి నోట నిలిచిన పదములను ముందుగా లిఖించుకొనవలసిన పండితులు ఆ పనిని సకాలమున పూర్తి చేయలేదు.

మూడవవాడు త్యాగరాజు (1767-1847). అతడు తన కృతులను గ్రంథముగా కూర్చి ప్రకటింపలేదు. శిష్యులు నేర్చుకొనిరి, వాలాజాపేట, ఉమయాళ్పురము, తిల్లస్థానము అను మూడు ప్రధాన పరంపరలేర్పడినవి. వాలాజాపేట వేంకటరమణ భాగవతారును, అతని కుమారుడు కృష్ణస్వామి భాగవతారును వ్రాసియుంచిన ప్రతులు మధురలోని సౌరాష్ట్ర సభకు చేరినవి. ధాతువు ఇచ్చట సజీవముగానే యున్నది. కాని ఒకటిగా లేదు. సంగతులు పరంపరకొక విధముగా నున్నవి. కొన్ని తరువాతి విద్వాంసుల కల్పనలు. రాగమునందే భేదము గల కృతులును కలవు. "ఎవరని" అను కృతిని కొందరు నాదచింతామణియందును, కొందరు దేవామృతవర్షిణియందును పాడుచున్నారు.

మాతువునకు గూడ ఇచ్చట ఇక్కట్టు కలిగినది. త్యాగరాజ కృతులు తమిళదేశమున, తమిళలిపిలో, విస్తారముగా వ్యాప్తి చెందినవి. ఆ లిపియందు వర్గాక్షరములకు వేర్వేరు రూపములు లేవు. కల, గల అను రెండు మాటలును ఒక్కటే తీరున వ్రాయబడును. తెలుగు రాని గాయకుడు వానిలో నేదియో యొకటి గ్రహించును. అదియే పాఠమై శిష్యులకు సంక్రమించును. ఈ చిక్కును విడదీయుట సంగీతజ్ఞునికంటె తెలుగు పండితునికే సులభము. పల్లవికిని అనుపల్లవికిని నడుమ ద్వితీయాక్షర ప్రాసము నియతముగా కనబడుచుండును. పాదములందు యతి గలదు. సందేహాస్పదమైన మాట ప్రాసస్థానమున నున్నచో, సరియైన పాఠమును ప్రాసమే పట్టియిచ్చును. ఛందస్సు చదివిన మన విద్యార్థులు చేయదగిన పని ఇది.

నాలుగవవాడు ముత్తుస్వామి దీక్షితులు; నిర్యాణము 1835. ఇతని రచనలు ప్రాయికముగా సంస్కృతములు. కాని వానిని నిలిపిన గ్రంథము తెలుగుది. సుబ్బరామ దీక్షితులు 1904లో ఎట్టయాపురమున ప్రకటించిన సంగీతసంప్రదాయప్రదర్శిని తెలుగు లిపిలో, తెలుగు వచనములో వెలసినది. స్వరములతోపాటు గమకములకును చిహ్నములు కల్పించి ముద్రించిన మహాగ్రంథమిది. వాగ్గేయకారుల చరిత్రలును ఇందు చేర్చబడినవి. సుబ్బరామ దీక్షితులు ముత్తుస్వామి దీక్షితుల సోదరుడైన బాలుస్వామి దీక్షితుల దౌహిత్రుడు, దత్తపుత్రుడు. కనుక పరంపర సన్నిహితమైనది. ఈ నలుగురిలో ధాతువునకు ఇంత బలమైన వ్రాతసాక్ష్యము మరియొకరికి లేదు. ఐనను కర్త నిర్యాణమునకును ముద్రణమునకును 69 సంవత్సరముల యంతరము కలదను సంగతి మరువరాదు.

పై పరిశీలనము వలన తేలిన దిది. అన్నమాచార్యుని విషయమున మాతువు దృఢము, ధాతువు లుప్తము. క్షేత్రయ్య విషయమున రెండును నోటబడి కలిసి వచ్చినవి, కాని కొలదిగా. త్యాగరాజు విషయమున రెండును సమృద్ధములు, కాని పాఠాంతరములతో గూడినవి. దీక్షితుల విషయమున వంశపరంపర గ్రంథరూపము దాల్చినది. ఈ భేదమును గమనింపక నలుగురిని ఒకే త్రాసున తూచి, "సాహిత్య సంగీత సమన్వయము" అను శీర్షిక క్రింద ఒకే తీర్పు చెప్పుట శాస్త్రీయము గాదు.

కావున ఒక రచనను చేపట్టిన విద్యార్థి మొదట మూడు విషయములను విచారింపవలెనని మా సూచన. ఈ మాట ఏ ప్రతివలన, ఏ లిపిలో మనకు వచ్చినది? ఈ వరుస ఎవరి నోట, ఏ కాలమున మొదట వినవచ్చినది? ఈ రాగనామము కర్త కాలమున ఏ స్వరూపమునకు వాడుకలో నుండెను? మూడింటికిని సమాధానము లభించినపుడు కర్త ప్రతిభను సమగ్రముగా ప్రశంసింపవచ్చును. ఒకదానికే లభించినచో, ఆ ఒక దానిని గూర్చియే వ్రాయవలెను. అన్నమాచార్యుని పదబంధమును, దేశ్యపదసంపదను, పల్లవీచరణముల కూర్పును గూర్చి చెప్పదగినది ఇంకను ఎంతయో కలదు. అందులకు రాగిరేకే ప్రమాణము. తెలియని వరుసను అతనికి అంటగట్టుటవలన అతని కీర్తి పెరుగదు. ఆ వరుసను కట్టిన ఆధునిక విద్వాంసునికి చెందవలసిన యశస్సు మాత్రము అతనికి దక్కకపోవును.