సూరత్ నూనె డబ్బా, అశ్వారావుపేట గెల: రెండింటి ధరనూ కదిలించే సుంకం

సూరత్: గుజరాత్‌లో వంటనూనె ధర ప్రస్తావన వస్తే లీటరు లెక్క అరుదుగా వినిపిస్తుంది. 15 కిలోల డబ్బా ఎంత పలుకుతోందన్నదే అక్కడి ప్రశ్న. సౌరాష్ట్ర ఇళ్లలో వేరుశెనగ నూనెకు పెద్దపీట. పత్తిగింజల నూనెకూ రాష్ట్రమంతటా ఆదరణ ఉంది. ఈ రెండింటి పక్కన పెద్దగా పేరు చెప్పుకోకుండా చోటు సంపాదించుకున్నది పామోలిన్. మరమగ్గాల కార్మికులకు రెండు పూటలా భోజనం పెట్టే మెస్సులకు, సేవ్, గాంఠియా వేయించే చిన్న దుకాణాలకు డబ్బాపై వంద రూపాయల తేడా కూడా నెల తిరిగేసరికి పెద్ద మొత్తమవుతుంది.

ఈ నగరంలో తెలుగువారి సంఖ్య తక్కువేమీ కాదు. కరీంనగర్, వరంగల్, నల్గొండ ప్రాంతాల నుంచి దశాబ్దాల క్రితం వలస వచ్చిన నేత కుటుంబాలు లింబాయత్, ఉధ్నా పరిసరాల్లో స్థిరపడ్డాయి. వారి పిల్లల కోసం సూరత్ నగరపాలక సంస్థ తెలుగు మాధ్యమంలోనూ పాఠశాలలు నడుపుతోంది. వారు విడిచివచ్చిన జిల్లాల్లోనే గత కొన్నేళ్లుగా ఆయిల్‌పామ్ సాగు విస్తరిస్తోంది. అందువల్ల నూనె చవక కావాలని కోరుకునే కార్మికుడు, గెలకు మంచి ధర రావాలని ఎదురుచూసే రైతు ఒకే ఇంటి అన్నదమ్ములు కావడానికి కూడా ఆస్కారం ఉంది. ఇద్దరి లెక్కనూ తారుమారు చేసేది ఢిల్లీలో వెలువడే ఒక కస్టమ్స్ ప్రకటన.

ప్రపంచ పామాయిల్ ఉత్పత్తిలో ఇండోనేషియా, మలేషియాల వాటా సుమారు 85 శాతం. వంటనూనెల దిగుమతిలో భారత్‌దే ప్రపంచంలో ప్రథమ స్థానం. ఏటా దాదాపు 160 లక్షల టన్నుల వంటనూనె విదేశాల నుంచి వస్తుండగా, అందులో సగానికి అటూఇటూగా ఉండేది పామాయిలే. గుజరాత్‌లో కాండ్లా, ముంద్రా రేవులు, ఆంధ్రప్రదేశ్‌లో కాకినాడ, కృష్ణపట్నం రేవులు ఈ వ్యాపారానికి ప్రధాన ద్వారాలు. ఓడల్లో వచ్చిన ముడి నూనెను రేవుల సమీపంలోని కర్మాగారాల్లో శుద్ధి చేస్తారు. ద్రవరూపంలో ఉండే పామోలిన్ వంటకు వెళుతుంది. గడ్డకట్టే స్టియరిన్ సబ్బులకు, వనస్పతికి ఉపయోగపడుతుంది.

ధర ఎక్కడ నిర్ణయమవుతుందన్నది తరువాతి ప్రశ్న. మలేషియాలోని బుర్సా విపణిలో పలికే రేటు మొదటి మెట్టు. డాలరు మారకం రెండోది. దిగుమతి సుంకం మూడోది. మొదటి రెండింటిపై భారత ప్రభుత్వానికి పట్టు స్వల్పం. 2022 ఏప్రిల్ 28న ఇండోనేషియా పామాయిల్ ఎగుమతులను నిషేధించి, మే 23న తిరిగి అనుమతించింది. ఆ కొద్ది వారాలకే ఇక్కడి మార్కెట్లు ఉలిక్కిపడ్డాయి. 2025 జనవరి నుంచి అదే దేశం డీజిల్‌లో 40 శాతం పామాయిల్ ఆధారిత ఇంధనం కలపాలని నిర్ణయించింది. వంటింటికి రావలసిన నూనెకు వాహనం కూడా పోటీదారు అయింది. సాధారణంగా సోయా నూనె కంటే చవకగా దొరికే పామాయిల్ ఆ కాలంలో దానికంటే ప్రియమైంది. 2024-25 నూనె సంవత్సరంలో భారత్ పామాయిల్ కొనుగోళ్లు సుమారు 76 లక్షల టన్నులకు తగ్గి, సోయా నూనె దిగుమతులు పెరగడానికి ఇదే ముఖ్య కారణం.

ప్రభుత్వం చేతిలో మిగిలేది సుంకం. ముడి పామాయిల్‌పై మౌలిక కస్టమ్స్ సుంకాన్ని కేంద్రం 2024 సెప్టెంబరు 14 నుంచి సున్నా నుంచి 20 శాతానికి పెంచింది. వ్యవసాయ సెస్సు, సంక్షేమ సర్‌ఛార్జీ కలిపితే మొత్తం భారం 5.5 శాతం నుంచి 27.5 శాతానికి చేరింది. 2025 మే చివరలో మౌలిక సుంకాన్ని 10 శాతానికి తగ్గించడంతో మొత్తం భారం 16.5 శాతమైంది. శుద్ధి చేసిన నూనెపై మాత్రం 35.75 శాతం అలాగే కొనసాగింది. ముడి నూనెకు, శుద్ధి నూనెకు మధ్య అంతరం పెరగడం దేశీయ శుద్ధి కర్మాగారాలకు కలిసివచ్చింది.

ఈ 11 శాతం తగ్గింపు అంటే ఎంత? లెక్క కోసం టన్ను ముడి పామాయిల్ వెయ్యి డాలర్లని, డాలరు 85 రూపాయలని అనుకుంటే, టన్నుకు 9,350 రూపాయలు. 15 కిలోల డబ్బాకు దాదాపు 140 రూపాయలు. తగ్గింపు మొత్తం వినియోగదారుకు అందితేనే ఈ లెక్క నిలుస్తుంది. అది పూర్తిగా అందడం అరుదే.

ఇక రైతు వైపు చూస్తే, జాతీయ వంటనూనెల మిషన్ సూత్రం ప్రకారం పరిశ్రమ రైతుకు చెల్లించే గెలల ధర ముడి పామాయిల్ ధరలో 14.3 శాతం. దేశీయ ధర దిగుమతి ధర వెంటే నడుస్తుంది కనుక 9,350 రూపాయల తగ్గుదల టన్ను గెలలపై సుమారు 1,340 రూపాయల నష్టంగా మారుతుంది. ఎకరాకు 8 టన్నుల దిగుబడి తీసే రైతుకు ఏడాదికి 10 వేల రూపాయలకు పైగా కోత పడుతుంది. సూరత్ మెస్ యజమాని ధర నచ్చకపోతే పత్తిగింజల నూనెకు మారగలడు. అశ్వారావుపేట రైతుకు ఆ వెసులుబాటు లేదు. మొక్క నాటిన నాలుగో ఏడు నుంచి దిగుబడి మొదలై పాతికేళ్లకు పైగా సాగుతుంది. కోసిన గెలను ఒకటి రెండు రోజుల్లో కర్మాగారానికి చేర్చకపోతే నూనె నాణ్యత దెబ్బతింటుంది. ధర పెరిగేదాకా నిల్వ చేసుకోవడం కుదరని పంట ఇది.

ఈ ఇబ్బందిని గుర్తించే 2021 ఆగస్టులో 11,040 కోట్ల రూపాయలతో ప్రారంభించిన మిషన్‌లో రైతుకు గిట్టుబాటు ధర హామీని చేర్చారు. గత అయిదేళ్ల ముడి పామాయిల్ సగటు ధరను టోకు ధరల సూచీతో సవరించి, అందులో 14.3 శాతాన్ని హామీ ధరగా లెక్కిస్తారు. పరిశ్రమ ఇచ్చేది అంతకంటే తక్కువైతే లోటును ప్రభుత్వం నేరుగా రైతు ఖాతాలో జమ చేస్తుంది. అయితే ఇది నేలకు దిగజారకుండా పట్టుకునే వల మాత్రమే. టన్నుకు 20 వేలు దాటిన ధర సుంకం తగ్గి కొన్ని వేలు పడిపోయినా, హామీ ధర కంటే పైనే ఉన్నంతవరకు రైతుకు పైసా పరిహారం రాదు. ఈ హామీకి 2037 నవంబరు 1 గడువు కూడా ఉంది. ఇప్పుడు నాటిన తోట అప్పటికి సగం వయసులో ఉంటుంది.

దిగుమతి సుంకాన్ని తిరిగి పెంచాలని తెలంగాణ వ్యవసాయ మంత్రి తుమ్మల నాగేశ్వరరావు కేంద్రాన్ని కోరారు. అలా పెంచితే సూరత్‌లో డబ్బా ధర ఏ దిశగా కదులుతుందో పై లెక్కే చెబుతుంది. సుంకం విధించడానికి ఆధారమైన టారిఫ్ విలువను కస్టమ్స్ శాఖ పక్షం రోజులకోసారి సవరిస్తుంది. సూరత్ టోకు వ్యాపారులు, గోదావరి జిల్లాల గెలల రైతులు ఇద్దరూ దాని కోసం చూస్తూ ఉంటారు.