త్రిప్రజాతి సంకరము అనగా నేమి?

ఉప్పల్, నాచారములలోని పెండ్లి మంటపములయందు నారింజ, పసుపు వన్నెల ఆర్కిడ్ పూవులను మన విద్యార్థులు చూచియే యుందురు. వానిలో మొకారా యను నొక తెగ గలదు. అది త్రిప్రజాతి సంకరమని తోటపని గ్రంథములు చెప్పుచు వచ్చినవి. దీనిని మూడు రకముల కలయిక యని మాత్రమే గ్రహించినచో పొరపాటగును.

నీలము, దశేరి మామిళ్లను కలిపి మల్లికను పుట్టించిరి. అవి రెండును మామిడియే. రకములు వేరైనను జాతి యొకటి. ప్రజాతి యనునది జాతికంటె పెద్దది. దగ్గరి చుట్టరికముగల జాతుల సముదాయము.

మూడు ప్రజాతులన్నంతమాత్రమున మొక్కకు ముగ్గురు తలిదండ్రు లుండరు. మొదట వాండాను ఆస్కోసెంట్రముతో కలుపగా ఆస్కోసెండా పుట్టినది. దానిని అరాక్నిస్‌తో కలుపగా మొకారా యైనది. వాండా మనకు క్రొత్తది కాదు. మన మామిడికొమ్మలపై పెరుగు బదనికలలో నొకదానికి సంస్కృతమున వందా యని పేరు; ఆ పేరే లాటినునకు పోయినది!

మొకారా 1969లో సింగపూరునందు వెలసెను. మోక్ అను నాతని పేరునకు 'ఆరా' చేర్చి నామకరణము చేసిరి. మూడు ప్రజాతుల పేళ్లను గ్రుచ్చి యొకటిగా కూర్చుటయు కలదు గాని, పలుకుటకు నాలుక తిరుగవలెను.

2012 ప్రాంతమున శాస్త్రజ్ఞులు ఆస్కోసెంట్రమును వాండాలోనే చేర్చిరి. అంతట మొకారా ద్విప్రజాతి సంకరమై, అరాండా యను పేరు క్రిందికి వచ్చినది. పూవు రేకైనను మారలేదు. పూల యంగళ్లలో నేటికిని మొకారా యనియే యడుగుదురు.