కిలిమంజారో ఎక్కాలంటే దూరపు దారే ఎందుకు మేలు?

టాంజానియాలోని కిలిమంజారో నేషనల్ పార్కులో ఆఫ్రికాకెల్లా ఎత్తైన శిఖరం ఉంది. పేరు ఉహురు, ఎత్తు 5,895 మీటర్లు. మామూలు దారుల్లో వెళితే తాళ్లు కట్టుకుని బండలు పాకే పనే లేదు, నడిస్తే చాలు. మన నిజామాబాద్ జిల్లా అమ్మాయి మాలావత్ పూర్ణ కూడా ఈ శిఖరాన్ని ఎక్కింది. అయినా గట్టి కాళ్లున్నవాళ్లు సైతం కొందరు సగంలోనే దిగిపోతారు. ఎందుకు?

గాలి వల్ల! శిఖరం మీద కూడా గాలిలో ఆక్సిజన్ 21 శాతమే. కానీ పీడనం సముద్రమట్టంలో ఉన్నదానిలో దాదాపు సగమే. అంటే ఒక్కో శ్వాసకు అందే ఆక్సిజన్ కూడా సగమే. అందుకే తలనొప్పి, వాంతులు వస్తాయి. ఈ తక్కువ ఆక్సిజన్‌కు శరీరం అలవాటు పడాలంటే రోజులు పడుతుంది. అందుకే ఎక్కువ రోజులు పట్టే దూరపు దారి మేలు.

మచామే దారిని చూడండి. పగలు సుమారు 4,600 మీటర్ల లావా టవర్ దాకా ఎక్కిస్తారు. రాత్రి పడుకోవడానికి 3,900 మీటర్ల దగ్గరున్న బరాంకో శిబిరానికి దించుతారు. ఎక్కిందంతా వృథా అనిపిస్తుంది కానీ, ఎంత తెలివైన పద్ధతో! పైన శరీరానికి అభ్యాసం, కింద విశ్రాంతి. పడమటి నుంచి వచ్చే లెమోషో ఇంకా పొడవు, నా దృష్టిలో అదే మేలైనది. మరంగు దారిలో పడుకోవడానికి గుడిసెలున్నాయి, కానీ ఐదు రోజుల్లో ముగించాలని తొందరపడితే కష్టం. ఉంబ్వే దారి బాగా నిటారు.

ఎప్పుడైనా కొండెక్కుతూ తల నొప్పెడితే దాచకండి, వెంటనే గైడుకు చెప్పండి. బాధ ముదిరితే కిందికి దిగడమే అసలైన వైద్యం.