బ్యాంకు బాకీ: న్యాయస్థానము చూపు దారులు

వాడరేవు వంటి రేవు గ్రామములలో వలయు, పడవయు, ఇంజనును తరచు అప్పుతోనే సమకూరును. ఏటా ఏప్రిల్ 15 నుండి జూన్ 14 వరకు మరపడవల వేట నిషిద్ధము. 2023 డిసెంబరు 5న బాపట్ల చెంత తీరము దాటిన మిచౌంగ్ వంటి తుపానులు వచ్చినపుడును పడవ ఒడ్డుననే యుండును. వేట ఆగినను వడ్డీ ఆగదు. వాయిదాలు తప్పి, బ్యాంకు నుండి కాగితము వచ్చిన దినమున పెక్కు కుటుంబములు భయముచే దానిని పెట్టెలో దాచుచున్నవి. నష్టము అచ్చటనే ఆరంభమగును.

ఆ కాగితము రెండు విధములు. మొదటిది 2002 నాటి సర్ఫేసీ చట్టము క్రింద బ్యాంకు ఇచ్చు నోటీసు. బాకీ తీర్చుటకు 60 దినముల గడువుండును. ఆ లోపల అభ్యంతరము వ్రాసి పంపినచో బ్యాంకు 15 దినములలో కారణములతో జవాబీయవలెను. తరువాత ఆస్తిని స్వాధీనపరచుకొన్నచో, 45 దినములలో ఋణ వసూలు ట్రిబ్యునలునకు దరఖాస్తు చేసికొనవచ్చును. వ్యవసాయ భూమిపైగల తాకట్టునకు ఈ చట్టము వర్తింపదు.

రెండవది సివిలు కోర్టు సమను. వాయిదా నాడు తప్పక హాజరై, కష్టమును రుజువు పరచి, సొమ్మును వాయిదాల మీద చెల్లింప అనుమతి కోరవలెను. తగిన కారణమున్నచో డిక్రీ ఇచ్చునపుడే కోర్టు అట్లు ఉత్తరువు చేయగలదు. డిక్రీ అయిన పిమ్మట దీనికి బ్యాంకు సమ్మతి కావలయును. కావున హాజరు కాకుండుట వలన ఈ అవకాశము చేజారును.

అప్పు తీర్చలేని నిరుపేదను చెరకు పంపుదురా? స్తోమత లేకపోవుట నేరము కాదనియు, శక్తి యుండియు దురుద్దేశముతో ఎగవేసిన వానినే నిర్బంధింపవచ్చుననియు 1980లో కొచ్చిన్ బ్యాంకు వ్యాజ్యమున సుప్రీంకోర్టు తీర్పు చెప్పినది. సొమ్ము డిక్రీ క్రింద స్త్రీలను నిర్బంధింపరాదు. రైతు, కూలీ నివసించు ఇంటిని సామాన్యపు సొమ్ము డిక్రీకై జప్తు చేయరాదు. తాకట్టు పెట్టిన ఇంటికి మాత్రము ఈ రక్షణ లేదు.

రాజీకి లోక్ అదాలతు అందరికిని అందుబాటులో నున్నది. రుసుము లేదు. కోర్టులోనున్న దావా అచ్చట పరిష్కారమైనచో చెల్లించిన కోర్టు ఫీజు తిరిగి వచ్చును. అచ్చటి నిర్ణయము డిక్రీతో సమానము, అప్పీలు లేదు. కనుక చెల్లింపగల మొత్తమునకే ఒప్పుకొనవలెను. 1987 నాటి న్యాయ సేవల చట్టము క్రింద స్త్రీలకు, షెడ్యూల్డు కులముల, తెగల వారికి, తుపాను బాధితులకు ఉచితముగా న్యాయవాది సహాయము లభించును.

ఇవి బాకీని మాపు చేయునవి కావు. తీర్చుటకు వ్యవధి నిచ్చునవి. పంచాయతీ సభ్యులారా! నోటీసు వచ్చిన ఇంటికి వెళ్లి, దానిని చదివి వినిపింపుడు. అందిన తేదీని దానిపై వ్రాయించి, గడువు లెక్కించి చెప్పుడు. ఆ కుటుంబమును సకాలమున న్యాయ సేవా సంస్థకు చేర్చుట మీరు చేయగల గొప్ప మేలు.