సెలడాన్‌లో స్లాట్లు, సీమలో వజ్రాలు

పోకెమాన్ ఆటలో సెలడాన్ సిటీ అనే ఊరుంది. ఆ ఊళ్లో గేమ్ కార్నర్ అనే జూదశాల ఉంది. తలుపు తీసే ఉంటుంది, ఎవరైనా పోవచ్చు. ఆడాలంటే మాత్రం కాయిన్ కేస్ అనే నాణేల డబ్బా ఉండాలి. అది అక్కడ అమ్మరు. అదే ఊళ్లోని హోటల్లో దిగాలుగా కూర్చున్న ఒకాయన్ను పలకరిస్తే దొరుకుతుంది. స్లాట్ మెషిన్ల మీద ఉన్నదంతా ఊడ్చిపెట్టుకున్నవాడాయన. ఇక ఆ జోలికి పోనని ఒట్టేసుకుని, నాకెందుకిది అంటూ డబ్బా మన చేతిలో పెడతాడు. మనం దాన్ని పుచ్చుకుని నేరుగా ఆయన చెడిపోయిన చోటికే పోతాం! 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో విడుదలైన తొలి పోకెమాన్ ఆటల్లోనే ఈ చమత్కారం ఉంది.

మన దగ్గర ఈ ఆటలాడే గేమ్‌బాయ్ కొనుక్కున్న ఇళ్లు తక్కువ. కర్నూలులోనైనా కడపలోనైనా నెట్ సెంటర్లో గంట లెక్కన డబ్బు కట్టి, ఎమ్యులేటర్‌లో ఈ ఊరు చూసినవాళ్లే ఎక్కువ. అలా ఆడినవాళ్లకు ఒక ఉపాయం ఎవరూ చెప్పకుండానే తట్టేది. మెషిన్ ముందు నిలబడి ఆటను సేవ్ చేసుకోవడం, పోతే ఆపేసి మళ్లీ అక్కడి నుంచే మొదలుపెట్టడం. నిజం జూదంలో లేని సుఖం ఇదొక్కటే.

పోస్టర్ వెనక ఏముంది?

హాలు నిండా మెషిన్లే. అన్నీ పనిచేయవు. ఒకటి చెడిపోయింది, ఒకటి భోజనానికి వెళ్లినవాడెవడో ఆపి పెట్టుకున్నది, ఒకదాని మీద ఎవరివో తాళాలున్నాయి. ఇంత చిన్న ఆటలో ఇంత పరిశీలన ఎందుకు పెట్టారో కానీ, గదికి ప్రాణం వచ్చింది వీటితోనే.

వెనక గోడకు ఒక పోస్టర్, దానికి కాపలాగా ఒక మనిషి. పోస్టర్‌కు కాపలా ఏమిటన్న అనుమానం రావాలి. వాణ్ని ఓడిస్తే పారిపోతాడు. పోస్టర్ వెనక మీట నొక్కితే కిందికి మెట్లు తెరుచుకుంటాయి. అడుగున టీమ్ రాకెట్ అనే దొంగల ముఠా స్థావరం. ముందర ఆట, వెనక దందా. మన పేపర్లలో ‘పేకాట స్థావరంపై దాడి’ అన్న వార్త చదివిన వాళ్లెవరికీ ఇది కొత్త కథ కాదు. తేడా అల్లా ఇక్కడ దాడి చేసేది పోలీసులు కాదు, స్లాట్లు ఆడటానికి వచ్చిన కుర్రాడే.

బహుమతి పక్కింట్లో

గెలిచిన నాణేలకు ఆ హాల్లో ఏమీ ఇవ్వరు. బయటికి వచ్చి పక్కనున్న ఇంకో భవనంలోకి పోవాలి. అక్కడి కిటికీల్లో నాణేలిస్తే పోకెమాన్లనో, వాటికి నేర్పే విద్యలనో ఇస్తారు. ఇది జపాన్ వీధుల్లోంచి ఎత్తి తెచ్చిన ఏర్పాటు. అక్కడి పచింకో హాళ్లలో గెలిచిన ఉక్కు గోళీలకు నగదు ఇవ్వడం చట్టరీత్యా కుదరదు. కాబట్టి హాల్లో ఒక వస్తువు ఇస్తారు, దాన్ని దగ్గర్లోనే వేరే కొట్లో ‘అమ్ముకుంటే’ డబ్బు చేతికొస్తుంది. ఆ వస్తువు మూడో చేతి మీదుగా తిరిగి హాలుకే చేరుతుంది. చట్టం ముందు అందరూ పెద్దమనుషులే.

పోకెమాన్ రెడ్ ఆటలో పోరిగాన్ అనే పోకెమాన్ వెల 9,999 నాణేలు. డబ్బాలో పట్టేదే అన్ని! కౌంటర్‌లో 1,000కి 50 నాణేలు ఇస్తారు కనుక, స్లాట్లు ముట్టకుండా కొనేసుకుంటే ఆట డబ్బులో దాదాపు 2 లక్షలు. బ్లూ ఆటలో అదే పోరిగాన్ 6,500కే వస్తుంది. ఆ ఆటల్లో దాన్ని పట్టుకోవడానికి ఏ పొదలోనూ దొరకదు, ఇక్కడ కొనాల్సిందే. పాపం దీనికి ఇంకో అపకీర్తి కూడా అంటింది. 1997 డిసెంబర్ 16న జపాన్ టీవీలో వచ్చిన పోరిగాన్ ఎపిసోడ్‌లో ఎరుపు నీలం మెరుపులకు వందలమంది పిల్లలు మూర్ఛలతో, తలనొప్పితో ఆసుపత్రుల పాలయ్యారు. ఆ మెరుపులు పికాచు పిడుగు వల్ల వచ్చినవి. టీవీ నుంచి వెలేసింది మాత్రం పోరిగాన్‌ను.

మెషిన్ ముందే రాసుకుంటుంది

నాణేలు వేసి, గిర్రున తిరిగే మూడు చక్రాలను మనమే ఒక్కొక్కటి ఆపుతాం. వేలి చురుకుతనం మీదే అంతా ఉందని అనిపిస్తుంది. లోపల జరిగేది వేరు. ఈసారి గెలుపు ఇవ్వాలా వద్దా అన్నది ప్రోగ్రాం ముందే తేల్చుకుంటుంది. వద్దనుకుంటే, మనం సరిగ్గా ఆపినా చక్రం ఒక గడి జారిపోతుంది. మూడు ఏడులు పడితే 300 నాణేలు, మూడు బార్లు పడితే 100, చెర్రీలకు ముష్టి 8. మనం గదిలోకి అడుగుపెట్టిన ప్రతిసారీ ఒకానొక మెషిన్‌ను ఆట ‘అదృష్ట మెషిన్’గా ఎంచుకుంటుంది కూడా. బయటికిపోయి వస్తే ఆ అదృష్టం చోటు మార్చేస్తుంది. కాబట్టి ‘నిన్న నాకు ఈ మెషిన్ కలిసొచ్చింది’ అనే మాటకు ఇక్కడ విలువ లేదు.

నేల చూపులవాళ్లకే లాభం

తెలిసినవాళ్లు మెషిన్ల దగ్గరికి పోయే ముందు నేల వెతుకుతారు. ఆ హాల్లో కంటికి కనబడని నాణేలు పడి ఉంటాయి. ఒక్కో గడి మీద నిలబడి బటన్ నొక్కుతూ పోతే పదీ, ఇరవై, ఒకచోట ఏకంగా వంద దొరుకుతాయి. పందెం లేదు, పోయేదీ లేదు.

ఇది కర్నూలు జిల్లా పడమటి మండలాల వాళ్లకు చెప్పనక్కర్లేదు. తొలకరి పడితే చాలు, తుగ్గలి, జొన్నగిరి, పగిడిరాయి, పెరవలి, మద్దికెర చేలల్లో జనం తలలు వంచుకుని నడుస్తుంటారు. వానకు పైమట్టి కొట్టుకుపోయి రాళ్లు తేలతాయి. వాటిలో ఏదో ఒకటి ఎండకు తళుక్కుమంటే వజ్రం కావచ్చు. పక్క జిల్లాల నుంచి, కర్ణాటక నుంచి కూడా సద్దిమూటలతో వచ్చి, రాత్రిళ్లు గుళ్ల దగ్గర పడుకునేవాళ్లున్నారు. దొరికిన రాయి వార్త పేపరుకెక్కే లోపు వ్యాపారి చేతికి పోతుంది. బేరంలో నగదుతో పాటు తులాల లెక్కన బంగారం కూడా ఇవ్వడం ఆనవాయితీ. విత్తనం వేసే వేళకు పొలం తొక్కుతున్నారని రైతులు అడ్డుపడటమూ మామూలే.

ఇది ఉత్త ఆశ కాదు, అడుగున శాస్త్రం ఉంది. పక్కనే అనంతపురం జిల్లా వజ్రకరూరు దగ్గర వజ్రాలను భూగర్భం నుంచి పైకి మోసుకొచ్చే కింబర్లైట్ శిల గొట్టాలున్నాయి. నంద్యాల జిల్లా బనగానపల్లె రాతి పొరల్లో పాత కాలం నుంచి వజ్రాలు తవ్వారు. మామిడికి పేరొచ్చింది తర్వాతి సంగతి. జొన్నగిరి దగ్గరి ఎర్రగుడి గుట్ట మీద అశోకుడి శాసనాలున్నాయి. వాటిని 1929లో బయటి ప్రపంచానికి చూపింది ఒక భూగర్భ శాస్త్రవేత్త. రాళ్ల కోసం వచ్చినవాడికి రాతలు దొరికాయి.

పత్తి నుంచి పుట్టిన అంకె

మన దగ్గరి అంకెల పందెం మట్కా. మాటకు అర్థం కుండే అయినా మొదట కుండలోంచి పుట్టలేదు. న్యూయార్క్ పత్తి ఎక్స్ఛేంజీలో పొద్దున తెరిచే ధర, సాయంత్రం మూసే ధర టెలిప్రింటర్లో బొంబాయికి వచ్చేవి, వాటి మీద పందేలు కాసేవారు. 1960ల మొదట్లో ఆ ధరలు రావడం ఆగిపోతే, కుండలో చీటీలు వేసి అంకె తీయడం మొదలైంది. ‘ఓపెన్, క్లోజ్’ అన్న మాటలు మాత్రం పత్తి బజారువే మిగిలాయి. పత్తి మార్కెట్‌కు పేరుపడ్డ ఆదోనిలో మట్కా బీటర్ల అరెస్టు వార్తలు రావడం చూస్తే ఆ పందెం పుట్టింటికి వచ్చినట్టే ఉంది. బొంబాయి లెక్కలో ఒక అంకె మీద రూపాయి కాస్తే తగిలినప్పుడు తొమ్మిది. అంకెలేమో పది. ఆ తేడాయే నిర్వాహకుడి మేడ.

ఇటు కడప జిల్లాలో, బంగారం, బట్టల వ్యాపారంతో రెండో బొంబాయి అని పేరు తెచ్చుకున్న ప్రొద్దుటూరు ఐపీఎల్ రోజుల్లో బెట్టింగ్ వార్తల్లోకీ ఎక్కుతుంటుంది.

పోకెమాన్ ఆటలు అమ్మే నింటెండో సంగతి? అది 1889లో క్యోటోలో పుట్టింది హనఫుడా అనే పూల బొమ్మల పేకముక్కలు చేయడానికి. జపాన్ జూదగాళ్లు వాడిన ముక్కలవి.

పళ్లు చూసి లెవెల్ చెప్పొచ్చు

పోకెమాన్‌లో నిప్పు మీద నీరు, నీటి మీద మొక్క గెలుస్తాయి. తెలుగువాళ్లకు ఇలాంటి పట్టిక ఎప్పటి నుంచో ఉంది. కుక్కుట శాస్త్రం కోడిపుంజులను ఈక రంగును బట్టి డేగ, కాకి, నెమలి, పర్ల, సేతు అని విడదీసి, ఏ తిథిన, ఏ వారాన ఏది దేని మీద గెలుస్తుందో చెబుతుంది. అది ఎక్కువగా కోస్తా సరంజామా. సీమకు వస్తే గొప్ప ఎద్దులది. నంద్యాల, కర్నూలు, కడప పల్లెల తిరునాళ్లలో బండలాగుడు పోటీలకు జతలను పళ్లను బట్టి విభజిస్తారు: పాలపళ్లు, రెండు పళ్లు, నాలుగు పళ్లు, ఆరు పళ్లు, ఆపైన సీనియర్లు. చిన్న దూడను పెద్ద ఎద్దు మీదికి వదలకుండా ఉండటానికి ఇంతకన్నా సులువైన లెక్క లేదు. ఇచ్చిన నిమిషాల్లో బండ ఎన్ని అడుగులు లాగాయన్నదే గెలుపు. పోకెమాన్ కన్నా ఇది న్యాయమైన పోటీ అని నా అభిప్రాయం. ఇక్కడ ఎద్దుకు ఎద్దు దెబ్బ తగలదు.

నేర్పా, అదృష్టమా?

రమ్మీ జూదమా కాదా అన్న ప్రశ్న సుప్రీంకోర్టుకు వెళ్లింది సికింద్రాబాద్‌లోని ఒక క్లబ్బు కేసుతోనే. 1967 నవంబర్‌లో వచ్చిన ఆ తీర్పు ప్రకారం, మూడు ముక్కలాట లాగా రమ్మీ పూర్తిగా అదృష్టం కాదు. పడిన ముక్కలు గుర్తు పెట్టుకోవాలి, ఏది దాచాలో ఏది వదలాలో తెలియాలి. పందెం మీద క్లబ్బు లాభం తీసుకుంటుంటే మాత్రం సంగతి వేరని కూడా కోర్టు అంది. మొదటి ముక్క గుర్తున్నంతగా ఈ రెండోది మన క్లబ్బులకు గుర్తులేదు.

సరిగ్గా ఈ గీత మీదే గేమ్ కార్నర్ కూడా తడబడింది. 2008లో పోకెమాన్ డైమండ్ ఆట కొరియా విడుదలలో స్లాట్లు మార్చేశారు. 2009లో యూరప్‌లో వచ్చిన ప్లాటినమ్ ఆటలో మెషిన్లు ఉంటాయి, ఆడనివ్వవు. హార్ట్‌గోల్డ్, సోల్‌సిల్వర్ ఆటలకు 2010లో జపాన్ బయట ఇంకో దారి వెతికారు. స్లాట్ల స్థానంలో వోల్టార్బ్ ఫ్లిప్ అనే పలకల ఆట పెట్టారు. అడ్డం ఐదు, నిలువు ఐదు పలకలు. ఏ వరసలో ఎన్ని పాయింట్లున్నాయో, ఎన్ని బాంబులున్నాయో అంచున రాసి ఉంటుంది. లెక్క కట్టుకుని తిప్పాలి. నాణేలు డబ్బుకు అమ్మడమూ ఆపేశారు. రమ్మీ తీర్పు వాళ్లు చదివి ఉండరు కానీ, చేసింది అదే: అదృష్టాన్ని తీసి నేర్పును కూర్చోబెట్టారు. చాలామంది ఆ లెక్కలతో విసిగి స్లాట్లే నయమన్నారు, అది వేరే విషయం. 2021లో డైమండ్ ఆట కొత్త రూపంలో వచ్చేసరికి అందులోని వీల్‌స్టోన్ ఊరి జూదశాల బట్టల కొట్టయింది.

2020 చూడండి. యూరప్ ఆటల వయసు ముద్రలు వేసే పెగీ సంస్థ, జూదం నేర్పే కొత్త ఆటలన్నిటికీ 18 ఏళ్ల ముద్ర మొదలుపెట్టింది అప్పుడే. ఆంధ్రప్రదేశ్ 1974 నాటి గేమింగ్ చట్టాన్ని సవరించి ఆన్‌లైన్ రమ్మీ, పోకర్‌లను నిషేధించిందీ ఆ ఏడాదే. ఫిబ్రవరి 1 నుంచి గోవా ప్రభుత్వం తన సొంత జనాన్నే కేసినోల్లోకి రావద్దంది. బయటివాళ్లు రావచ్చు! డోన్, నంద్యాల మీదుగా వాస్కో పోయే అమరావతి ఎక్స్‌ప్రెస్‌కు ఆ ఆంక్ష లేదు.

చివరగా, జూదశాలను దివాలా తీయించిన లెక్క ఒకటి. 1990లో జపాన్‌లో వచ్చిన డ్రాగన్ క్వెస్ట్ 4 ఆటలో కేసినో నాణెం ధర 20 బంగారు కాసులు. 8,38,861 నాణేలు కావాలంటే 1,67,77,220 కాసులు కట్టాలి. ఆ ఆట లెక్కపుస్తకంలో పట్టే గరిష్ఠ అంకె 1,67,77,215. అది దాటితే సున్నా నుంచి మళ్లీ మొదలు. అందుకని కౌంటర్‌లో అడిగే ధర: 4 కాసులు.