దిర్హం ఒకప్పుడు మన రూపాయే: గల్ఫ్ బజార్లలో మన నోట్లు నడిచిన కథ

గల్ఫ్‌లో ఒక్క మనిషైనా ఉన్న ఇంట్లో తరచూ వినిపించే ప్రశ్న ఒకటుంది: "ఇవాళ రేటు ఎంత నడుస్తోంది?" దుబాయ్ నుంచి అబ్బాయి ఫోన్ చేస్తే సలాం, కుశలం అయ్యాక అమ్మీ అడిగేది అదే. రేటు పెరిగేలా ఉంటే రెండు రోజులు ఆగి పంపమంటారు. పడేలా ఉంటే ఇవాళే పంపెయ్యమంటారు. ఒక దిర్హానికి ఇప్పుడు ఇరవై రూపాయలకు పైనే వస్తోంది కాబట్టి దిర్హం పెద్దది, రూపాయి చిన్నది అని మనకు అలవాటైపోయింది.

కానీ 1966 మొదట్లో దుబాయ్‌లో దిర్హం అనేదే లేదు. అక్కడ బియ్యం కొన్నా, కూలి ఇచ్చినా, పడవ అద్దె కట్టినా రూపాయల్లోనే. అదీ మన రిజర్వ్ బ్యాంకు విడుదల చేసిన రూపాయి. దోహాలో అంతే. కొన్నేళ్లు వెనక్కి వెళ్తే బహ్రెయిన్, కువైట్‌లో కూడా అంతే. అది ఎందుకు పోయిందో తెలిస్తే, ఇవాళ ఎక్స్‌ఛేంజ్ బోర్డు మీద కనిపించే అంకె ఎక్కడి నుంచి వస్తుందో కూడా అర్థమవుతుంది.

అసలు రూపాయి అక్కడికెలా వెళ్లింది? వ్యాపారంతో వెళ్లింది. చమురు దొరకక ముందు గల్ఫ్ తీరానికి బతుకు ముత్యాలే. వేసవిలో పడవలేసుకుని సముద్రంలోకి వెళ్లి, మునిగి తీసిన ముత్యాలు బొంబాయి బజారుకు వచ్చేవి. అక్కడి నుంచి మన హైదరాబాద్ దాకా వచ్చేవి. పత్తర్‌గట్టి దుకాణాల్లో 'బస్రా ముత్యం' అనే మాట ఇప్పటికీ వినిపిస్తుందంటే కారణం అదే. ముత్యాలు ఇటు వస్తే బియ్యం, బట్ట, కలప అటు వెళ్లేవి. పైగా ఆ తీరం వ్యవహారాలను ఆంగ్లేయులు చాలాకాలం ఇండియా ప్రభుత్వం ద్వారానే నడిపించారు. కొనేవాడు, అమ్మేవాడు, పాలించేవాడు అందరూ రూపాయి లెక్కల్లోనే ఉంటే వేరే డబ్బు ఎందుకు? 1930ల్లో జపాన్ పెంపకపు ముత్యాలు, ప్రపంచ మాంద్యం కలిసి ఆ ముత్యాల వ్యాపారాన్ని దెబ్బతీశాయి. రూపాయి మాత్రం ఉండిపోయింది.

మన హైదరాబాద్ సంగతి దీనికి తిరగేసి ఉండేది. గల్ఫ్‌లో మన రూపాయి నడుస్తున్న రోజుల్లో నిజాం రాజ్యంలో వేరే రూపాయి నడిచింది. అది హాలీ సిక్కా. బయటి రూపాయిని 'కల్దార్' అనేవారు. ఏడు హాలీ రూపాయలకు సుమారు ఆరు కల్దార్లు. మన దాదా, పర్‌దాదాలకు మార్పిడి రేటు అనేది కొత్త విషయమేం కాదన్నమాట.

బంగారం తెచ్చిన తంటా

స్వతంత్రం వచ్చాక భారత ప్రభుత్వం బంగారం దిగుమతిని కట్టడి చేసింది. మన దగ్గర పెళ్లిళ్లు ఆగవు కదా, బంగారం గిరాకీ కూడా ఆగలేదు. అప్పుడు ప్రపంచంలో అధికారిక ధర ఔన్సుకు 35 డాలర్లు. డాలర్ 4 రూపాయల 76 పైసలు. ఆ లెక్కన పాత తులం, అంటే 11.66 గ్రాములు, సుమారు 62 రూపాయలు పడాలి. మన సరాఫా బజార్లలో ధర అంతకన్నా చాలా పైన ఉండేది. ఆ తేడానే స్మగ్లర్ల లాభం.

ఇక్కడ రూపాయి వాళ్లకు బాగా పనికొచ్చింది. ఎలాగంటే, స్మగ్లర్ మామూలు రూపాయి నోట్లు దొంగచాటుగా దుబాయ్‌కి చేరుస్తాడు. అక్కడ రూపాయే చెల్లుతుంది కాబట్టి దాంతోనే బంగారం కొంటాడు. బంగారం పడవల్లో మన తీరానికి వస్తుంది. ఆ నోట్లు మాత్రం గల్ఫ్‌లోని బ్యాంకుకు చేరతాయి. బ్యాంకు వాటిని మూటగట్టి రిజర్వ్ బ్యాంకుకు పంపి, బదులుగా పౌండ్లు ఇమ్మంటుంది. రూపాయి మనదే కాబట్టి ఇవ్వక తప్పదు. అంటే దొంగ బంగారం బిల్లు కట్టింది మన విదేశీ మారక నిల్వలే! ఫ్యాక్టరీలకు యంత్రాలు కొనడానికి దాచుకున్న పౌండ్లు ఇలా కరిగిపోయాయి.

దీన్ని ఆపడానికి 1959లో చట్టం మార్చి, గల్ఫ్ కోసమే వేరే నోట్లు తెచ్చారు. 1, 5, 10, 100 రూపాయల నోట్లు. చూడ్డానికి మన నోట్లలాగే ఉంటాయి, రంగు వేరు. గల్ఫ్‌లో చెల్లుతాయి, ఇండియాలో చెల్లవు. ఇక్కడి మామూలు నోట్లు అక్కడికి తీసుకెళ్తే బ్యాంకు దగ్గర పౌండ్లు రావు. స్మగ్లింగ్ ఆగిపోయిందా అంటే లేదు. అది ఇంకా ఎన్నో ఏళ్లు నడిచింది. కానీ ఆ ఒక్క దారి మూసుకుపోయింది.

ఇదే మార్పులో మన హాజీల కోసం కూడా ప్రత్యేక నోట్లు వేశారు. 10, 100 రూపాయల హజ్ నోట్లు. నెంబరు ముందు 'హెచ్ఏ' అనే అక్షరాలు ఉండేవి. అంతకుముందు హాజీలు రూపాయలు తీసుకెళ్లి సౌదీలో రియాళ్లు మార్చుకునేవారు. ఆ నోట్లు ఇప్పుడు చాలా అరుదు. ఇంట్లో పాత సందూకులో నానా, నానీ హజ్ కాగితాల మధ్య అలాంటిది కనిపిస్తే పారేయకండి. నోట్లు సేకరించేవాళ్లు మంచి ధర ఇస్తారు.

1966 జూన్ 6

గల్ఫ్ రూపాయి రంగు వేరైనా విలువ మాత్రం మన రూపాయితోనే ముడిపడి ఉంది. కువైట్ 1961లోనే సొంత దినార్ తెచ్చుకుంది. 1965లో బహ్రెయిన్ కూడా దినార్‌కు మారింది. మిగిలినవాళ్లు ఇంకా ఆలోచిస్తుండగానే మన దగ్గర పరిస్థితి ముదిరింది. 1962లో చైనాతో యుద్ధం, 1965లో పాకిస్తాన్‌తో యుద్ధం, ఆ వెంటనే కరువు. సాయం చేసే దేశాలు, ప్రపంచ బ్యాంకు రూపాయి విలువ తగ్గించమని ఒత్తిడి తెచ్చాయి. 1966 జూన్ 6న ఇందిరా గాంధీ ప్రభుత్వం డాలర్ రేటును 4.76 నుంచి 7.50 రూపాయలకు మార్చింది.

బీకాంలో మేం 1966, 1991 అని రెండు సంవత్సరాలు బట్టీ పట్టాం. మొదటి దాని దెబ్బ దోహా బజారులో కూడా తగిలిందని మా పుస్తకంలో లేదు. లెక్క చూడండి. దోహాలో ఒకాయన దగ్గర 100 గల్ఫ్ రూపాయలు ఉంటే, ముందు రోజు వాటి విలువ 21 డాలర్లు. మర్నాడు 13 డాలర్ల చిల్లర. అక్కడ యుద్ధం లేదు, కరువు లేదు. ఢిల్లీలో తీసుకున్న నిర్ణయానికి అక్కడి వ్యాపారి గల్లాపెట్టె మూడో వంతుకు పైగా ఖాళీ అయింది.

ఇలాంటి డబ్బును ఎవరు ఉంచుకుంటారు? దుబాయ్, ఖతర్ కొన్నాళ్లు సౌదీ రియాల్ వాడి, అదే ఏడాది సొంతంగా 'ఖతర్ అండ్ దుబాయ్ రియాల్' మొదలుపెట్టాయి. అబూదాబీ బహ్రెయిన్ దినార్ తీసుకుంది. ఒమన్‌లో మాత్రం 1970 దాకా గల్ఫ్ రూపాయి నడిచింది.

అసలు విషయం ఆ కొత్త రియాల్ విలువలో ఉంది. దాన్ని పాత రూపాయితో, అంటే జూన్ 6కు ముందున్న రూపాయితో, సమానంగా పెట్టారు. మన వైపు నుంచి చూస్తే ఒక రియాల్‌కు రూపాయి 57 పైసలు. 1973లో యూఏఈ దిర్హం వచ్చినప్పుడు ఒక రియాల్‌కు ఒక దిర్హం ఇచ్చారు. కాబట్టి వంశం లెక్కన చూస్తే ఇవాళ్టి దిర్హం, ఖతర్ రియాల్ రెండూ 1966కు ముందున్న మన రూపాయికి వారసులే. అప్పటి నుంచి అవి ఉన్నచోటనే దాదాపు నిలబడ్డాయి, కాస్త పైకి కూడా వెళ్లాయి. దిగింది మనం.

ఆ తర్వాత ఏం జరిగిందో మన కుటుంబాలకు తెలిసిందే. 1973 అక్టోబర్ యుద్ధంతో చమురు ధర కొన్ని నెలల్లోనే నాలుగింతలైంది. రోడ్లు, ఇళ్లు, ఓడరేవులు కట్టడానికి మనుషులు కావాల్సి వచ్చారు. హైదరాబాద్ పాత బస్తీ, కరీంనగర్, నిజామాబాద్, కడప నుంచి మనోళ్లు విమానం ఎక్కారు.

చమురు అమ్మకం డాలర్లలో జరుగుతుంది కాబట్టి ఆ దేశాలు తమ డబ్బును డాలర్‌కు కట్టేశాయి. సౌదీలో 1986 నుంచి డాలర్‌కు 3.75 రియాళ్లు. యూఏఈలో 1997 నుంచి 3.6725 దిర్హాలు. ఇన్నేళ్లలో ఈ అంకె మారలేదు. అందుకే "దిర్హం పెరిగింది" అనే మాట సరైంది కాదు. డాలర్ ముందు రూపాయి తగ్గింది. డాలర్ 80 రూపాయలుంటే దిర్హం 21.78. డాలర్ 84కు వెళ్తే దిర్హం 22.87. వెయ్యి దిర్హాలు పంపితే వెయ్యి రూపాయల పైన తేడా. అమెరికాలో వడ్డీ పెరిగినా, చమురు ధర ఎక్కి మనకు డాలర్లు ఎక్కువ కావాల్సి వచ్చినా ఈ తేడా కనిపిస్తుంది. కువైట్‌ది కొంచెం వేరు. 2007 నుంచి వాళ్లు ఒక్క డాలర్‌కే కాకుండా కొన్ని కరెన్సీల కట్టకు ముడిపెట్టుకున్నారు. అందుకే కడప వాళ్ల దినార్ రేటు దిర్హంతో అడుగులో అడుగు వెయ్యదు.

రేటు పెరిగిందని సంతోషపడే ముందు నాకో సందేహం వస్తుంది. ఆ అదనపు వెయ్యి రూపాయలు ఇంటికొచ్చేసరికి పెట్రోలు, వంటనూనె, బంగారం ధరలు కూడా అదే డాలర్ వల్ల ఎక్కి ఉంటాయి. అక్కడ అబ్బాయి జీతం మాత్రం అదే 1,500 దిర్హాలు. ఇక్కడ రూపాయల్లో అప్పున్నవాళ్లకు నిజంగా లాభం, ఎందుకంటే అప్పు పెరగదు. చెల్లెలి పెళ్లికి నగలు కొనాల్సిన వాళ్లకు పెద్దగా మిగిలేదేం ఉండదు.

1990లో ఇంకో సంగతి బయటపడింది. కువైట్ మీద ఇరాక్ దాడి చేసింది. సుమారు లక్షా డెబ్బై వేల మంది మనవాళ్లను విమానాల్లో వెనక్కి తెచ్చారు. అటు చమురు ధర పెరిగింది, ఇటు అక్కడి నుంచి వచ్చే డబ్బు తగ్గింది. మరుసటి ఏడాది దేశం బంగారం కుదువ పెట్టి అప్పు తెచ్చుకోవాల్సి వచ్చింది. రూపాయి విలువ మళ్లీ తగ్గించారు. దీనికి వేరే కారణాలు చాలా ఉన్నా, గల్ఫ్ దెబ్బ అందులో చిన్నదేం కాదు. 2022లో ప్రవాసుల నుంచి మన దేశానికి వచ్చిన డబ్బు పదివేల కోట్ల డాలర్లు దాటింది. ప్రపంచంలో ఏ దేశానికీ అప్పటిదాకా అంత రాలేదు.

2023 జూలైలో మన రిజర్వ్ బ్యాంకు, యూఏఈ కేంద్ర బ్యాంకు ఒక ఒప్పందం చేసుకున్నాయి. రెండు దేశాల వ్యాపారంలో కొంత భాగాన్ని డాలర్ లేకుండా రూపాయిల్లో, దిర్హాల్లో తీర్చుకోవాలని. ఆ పద్ధతిలో ముందుగా జరిగిన కొనుగోళ్లలో ఒకటి, యూఏఈ నుంచి మన దేశానికి 25 కిలోల బంగారం. ఈసారి కస్టమ్స్ కళ్ల ముందే, రూపాయల్లో. ఆగస్టులో ఇండియన్ ఆయిల్ సంస్థ అబూదాబీ చమురు కొని రూపాయల్లో కట్టింది. అయితే ఆ రూపాయికి ఎన్ని దిర్హాలు అనే లెక్క ఇప్పటికీ డాలర్ మీదుగానే తేలుతోంది.