దుప్పట్లు కుదువబెట్టిన ఇల్లు

ఇటలీ సినిమాలతో మన పాలమూరు కొల్లాపూర్‌కు ఏం పని అని అడిగేవాళ్లుంటారు. వాళ్లకు ముందు ఒక సీను చెప్పాలి.

రోమ్ నగరం. రెండో ప్రపంచ యుద్ధం ముగిసి రెండు మూడేళ్లయింది. పని లేక తిరుగుతున్న అంతోనియోకు గోడలకు పోస్టర్లు అంటించే కొలువు దొరుకుతుంది. సైకిలుంటేనే కొలువు. సైకిలేమో కుదువలో ఉంది. భార్య మరియా మంచం మీది దుప్పట్లు గుంజి మూట కడుతుంది. కుదువ కొట్టులో గుమాస్తా ఆ మూట పట్టుకుని అరల మీదికి ఎక్కుతాడు. ఎక్కుతూనే ఉంటాడు. అక్కడ కప్పు దాకా అన్నీ అట్లాంటి మూటలే! పట్నం పట్నమంతా కుదువలో ఉందని ఎవరూ నోరు విప్పి చెప్పరు, చూసినవాళ్లకు తెలిసిపోతుంది. విత్తనాల కోసం పుస్తెలతాడు తాకట్టు పెట్టిన ఇళ్లున్న పాలమూరులో ఈ సీనును విడమరచనక్కర్లేదు.

వితోరియో దె సికా 1948లో తీసిన ‘సైకిల్ దొంగలు’ అది. ఆ తరహా సినిమాలకు నియోరియలిజం అని పేరు. మనవాళ్లు నవ్యవాస్తవికత అన్నారు. ముసోలినీ 1937లో రోమ్‌లో చినెచిత్తా అనే పెద్ద స్టూడియో కట్టించాడు. యుద్ధంలో దాని మీద బాంబులు పడ్డాయి, తర్వాత ఇల్లూవాకిలీ పోయినవాళ్లు అందులో తలదాచుకున్నారు. సినిమావాళ్లు కెమెరా పట్టుకుని వీధిలోకి వచ్చారు. 1945లో రోసెల్లినీ తీసిన ‘రోమ్, ఓపెన్ సిటీ’తో ఆ గాలి లోకమంతా వీచింది. అంతోనియోగా వేసిన లాంబెర్తో మజోరానీ అసలు ఫ్యాక్టరీ కార్మికుడు. అయితే అంతా వీధిలోనే, ఉన్నదున్నట్టే తీశారనడం అతిశయోక్తి. సెట్లు కొన్ని ఉన్నాయి, మాటలు తర్వాత డబ్బింగ్ చేశారు.

బీదవాడి కథ అయితే చాలు నియోరియలిజమే అనుకోవడం మరో పొరపాటు. బీద హీరోలు మన సినిమాల్లో ఎప్పుడు తక్కువయ్యారు గనక? తేడా కథలో లేదు, చూపే ఓపికలో ఉంది. దె సికాదే ‘ఉంబెర్తో డి’ (1952)లో ఒక పనిపిల్ల పొద్దున్నే లేచి వంటింట్లోకి వస్తుంది. అగ్గిపుల్ల గోడకు గీస్తుంది. గోడ మీది చీమల మీద నీళ్లు కొడుతుంది. కూర్చుని కాఫీ గింజలు మరాడిస్తూ, లేవకుండానే కాలు చాపి బొటనవేలితో తలుపు మూస్తుంది. ఆ పిల్లకు పెళ్లి కాలేదు, కడుపుతో ఉంది. కథ అంగుళం కదలదు గానీ ఆమె బతుకు మొత్తం అక్కడుంది.

మన దేశంలో 1952లో జరిగిన మొదటి అంతర్జాతీయ చిత్రోత్సవంలో ‘సైకిల్ దొంగలు’ చూపించారు. మరుసటి ఏడాదే బిమల్ రాయ్ ‘దో బిఘా జమీన్’ వచ్చింది. సత్యజిత్ రాయ్ అయితే ‘సైకిల్ దొంగలు’ను అంతకుముందే, 1950లో లండన్‌లో చూశారు. ఆ దారి తెలంగాణకు చేరడానికి ఇంకా రెండు దశాబ్దాలు పట్టింది. శ్యామ్ బెనెగల్ ‘అంకుర్’ 1974లో, మృణాల్ సేన్ ‘ఒక ఊరి కథ’ 1977లో వచ్చాయి. గౌతం ఘోష్ దర్శకత్వంలో, బి. నరసింగరావు నిర్మాతల్లో ఒకరిగా ‘మా భూమి’ 1980లో విడుదలైంది. ఉర్దూ రచయిత కిషన్ చందర్ నవల దానికి ఆధారం. మెదక్ జిల్లా మంగళపర్తిలో తీశారు.

ఇక్కడ భాష సంగతి చెప్పుకోవాలి. ఇటలీ దర్శకుడు విస్కోంతి 1948లో ‘లా తెర్రా త్రేమా’ను సిసిలీ పల్లెలో, అక్కడి జాలరులతోనే, వాళ్ల యాసలోనే తీశాడు. మిగతా ఇటలీవాళ్లకు అర్థం కాదని ప్రామాణిక ఇటాలియన్‌లో వ్యాఖ్యానం జోడించాల్సి వచ్చింది. మన దగ్గర తెలంగాణ మాట చాలాకాలం రౌడీలకూ హాస్యగాళ్లకూ సరిపెట్టిన మాటే. కథానాయకుడి కష్టమూ కోపమూ ఆ మాటలోనే పలికించడం ‘మా భూమి’ చేసిన పెద్ద పని. అందులోని పాటల కంటే, ఎర్రజెండా కంటే అదే ఎక్కువ కాలం నిలిచిందని నా లెక్క.

నరసింగరావు తానే తీసిన ‘దాసి’ (1988) ఇంకా దగ్గరిది. గడీలో దాసిగా ఉన్న కమలాక్షి ఊడుస్తుంది, తుడుస్తుంది, దొర పిలిస్తే పోతుంది. దొర వల్ల కడుపొస్తే అది తీయించుకోవాల్సిందే. మాటలు బహు తక్కువ. ఆయన ఇటలీ పనిపిల్లను చూసి ఇది తీశారని అనడం లేదు, చూపు మాత్రం ఒక్కటే. దానికి అయిదు జాతీయ అవార్డులొచ్చాయి. ఉత్తమ నటి అర్చన, కళాదర్శకుడు తోట వైకుంఠం. సంస్థానం బంగ్లా నీడన పెరిగిన కొల్లాపూర్‌వాళ్లు ఆ గోడలను, ఆ వాకిళ్లను ఇట్టే గుర్తుపడతారు.

బీదరికాన్ని ఇట్లా చూపితే అందరికీ నచ్చదు. దేశం పరువు తీస్తున్నావని ఇటలీ ప్రభుత్వంలో ఉన్న ఆండ్రియోత్తి 1952లో దె సికాను మందలించాడు. పేదరికం మీద కాదు కోపం, దాన్ని చూపినవాడి మీద.

మన దగ్గరా చూపాల్సింది చాలా ఉంది. పాలమూరు లేబర్ దేశమంతా డ్యాములు, కాలువలు కట్టింది. 1980ల మొదట్లో శ్రీశైలం నీళ్లొచ్చి కృష్ణ ఒడ్డు ఊళ్లు మునిగాయి. జటప్రోలు గుళ్లను రాయి రాయి విప్పి మెరక మీద మళ్లీ కట్టారు, ఇళ్లను అట్లా కట్టలేదు. ఆ ఊళ్లు విడిచి వచ్చినవాళ్లు ఇప్పుడు ముసలివాళ్లు. ‘మా భూమి’, ‘దాసి’, ‘సైకిల్ దొంగలు’ చూసిన పిల్లలు జేబులోని ఫోను తీసి కృష్ణ ఒడ్డున ఉన్న సోమశిల పోయి వాళ్ల ముందు కూర్చోవాలి. ముందు వాళ్లు వంట చేయడం, చుట్ట కాల్చడం, నీళ్ల దిక్కు చూడడం తీయండి. ప్రశ్నలు తర్వాత అడగొచ్చు.